పదవి తీసుకుంటే పరిశోధన అటకెక్కుతుందా?

ప్రశ్న: కర్నూలు లెక్చరర్

అందరికీ నమస్కారం. కొంచెం పెద్ద పోస్టు, ఓపిగ్గా చదవండి.

నేను కర్నూల్లో ఒక డిగ్రీ కాలేజీలో సైకాలజీ చెప్తాను. పార్ట్‌టైమ్ పీహెచ్‌డీ కూడా నడుస్తోంది. ఆదోని, ఆలూరు, పత్తికొండ వైపు కస్తూర్బా బాలికా విద్యాలయాల్లో తొమ్మిది, పది చదివే ఆడపిల్లల మీద నా పని. వీళ్లలో చాలామంది అమ్మానాన్నలు ఏటా సుగ్గికి గుంటూరు వైపు పోతారు, పత్తి తీయడానికి, మిరపకాయలు కోయడానికి. పిల్ల హాస్టల్లో ఉంటుంది. తన మనసులో ఏం జరుగుతోందో ఆ పిల్లకు ఎంతవరకు తెలుస్తోంది, దిగులు పుట్టినప్పుడు అందులోంచి ఎట్లా బయటపడుతోంది అన్నది చూస్తున్నాను.

ఇందుకు నేను ఎంచుకున్న ప్రశ్నావళి ట్రెయిట్ మెటా-మూడ్ స్కేల్. 1995లో పీటర్ సాలవే, జాన్ మేయర్, వాళ్లతో పనిచేసినవాళ్లు అచ్చువేసింది. మూడు సంగతులు కొలుస్తుంది. మన భావాల మీద మనకు ఎంత ధ్యాస ఉంటుంది, అవేమిటో ఎంత స్పష్టంగా తెలుస్తుంది, పాడైన మూడ్‌ను మనమే ఎంతవరకు బాగుచేసుకోగలం. దీన్ని తెలుగులోకి పద్ధతిగా తెచ్చుకోవడానికి వేరే భాషలవాళ్లు ఏం చేశారా అని వెతుకుతుంటే, బాస్క్ భాషలో 23 ప్రశ్నలతో ఒక రూపం కనబడింది. 2011లో అచ్చయింది. రాసినవాళ్లలో నెకానె బల్యుయెర్కా అని ఒకరున్నారు. ఇక ఆ పేరు పట్టుకుని చదువుతూ పోయాను.

స్పెయిన్ ఉత్తరాన, బాస్క్ కంట్రీ యూనివర్సిటీలో ఆమె పరిశోధనా పద్ధతుల ప్రొఫెసర్. 2005లో ఇద్దరితో కలిసి, గణాంకాల్లో మనమంతా కళ్లకద్దుకునే పి విలువ మీద ఎన్నో ఏళ్లుగా నడుస్తున్న వాదాన్ని మళ్లీ మొదటి నుంచీ తిరగేస్తూ వ్యాసం రాశారు. 2007లో, ఒకచోట పుట్టిన ప్రశ్నావళిని ఇంకోచోటి మనుషులకు ఎట్లా సరిపెట్టాలి అన్న దాని మీద ఇంకొకటి. 2013లో టీనేజి పిల్లల భావోద్వేగ తెలివికీ దిగులుకీ ఉన్న సంబంధం. 2014లో, ఇంటికి దూరంగా సంరక్షణ కేంద్రాల్లో పెరిగే పిల్లల మీద జంతువుల తోడుతో చేసే థెరపీ ఎట్లా పనిచేస్తుందన్న అధ్యయనం. తర్వాత 2017 జనవరిలో అదే యూనివర్సిటీకి రెక్టర్ అయ్యారు, అంటే మన వైస్ చాన్సలర్ లాంటి పదవి. ఆ కుర్చీలోకి వచ్చిన మొదటి మహిళ ఆమే. నన్ను ఆపేసింది మాత్రం 2020. కోవిడ్ లాక్‌డౌన్ మనుషుల మనసుల్ని ఏం చేసిందో చెప్పే పెద్ద నివేదిక ఆ ఏడాది వచ్చింది. స్పెయిన్‌లోని పలు యూనివర్సిటీల పరిశోధకులు కలిసి చేసిన పని. రాసినవాళ్లలో మొదటి పేరు ఈమెదే. అప్పటికి ఈమె రెక్టర్!

ఇప్పుడు నా సంగతి. మా ప్రిన్సిపాల్ గారు పిలిచి ఐక్యూఏసీ, అంటే కాలేజీ నాణ్యత చూసే విభాగం, దానికి కోఆర్డినేటర్ బాధ్యత తీసుకోమన్నారు. కాలేజీలను తూచే న్యాక్ వస్తోంది కదా, ఆ పనంతా ఆ కుర్చీ మీదే పడుతుంది. ఇంట్లో అందరూ ఒప్పుకోమంటున్నారు. "నలుగురిలో పేరొస్తుంది, కాదనొద్దు" అని మా అత్తమ్మ రోజూ అంటోంది. నాకూ ఆశ లేదని కాదు. కాలేజీలో మార్చాల్సినవి చాలా కనబడతాయి, చేతిలో కాస్త అధికారం ఉంటే మార్చొచ్చు కదా అనిపిస్తుంది. కానీ ఆ పనిలోకి వెళ్లిన సీనియర్లను చూశాను. వెళ్లినవాళ్లు మళ్లీ పేపర్ రాయలేదు.

బల్యుయెర్కా లాంటివాళ్లు రెండూ ఎట్లా చేశారు? మన దగ్గర అది కుదిరే పనేనా? చేసినవాళ్లు, చూసినవాళ్లు ఉంటే దాచకుండా చెప్పండి.


జవాబు: అనంతపురం మేష్టారు (రిటైర్డ్)

అమ్మా, మంచి ప్రశ్న అడిగావు. నేను అనంతపురంలో చాలా ఏళ్లు పాఠం చెప్పి రిటైరయ్యాను. నడుమ హెడ్‌గా, డీన్‌గా కూడా చేశాను. బల్యుయెర్కా 2005 వ్యాసాన్ని మా స్కాలర్ల చేత చదివించినవాణ్ని కాబట్టి నాలుగు మాటలు చెప్తాను.

నువ్వు ఏళ్లు చూశావు. ఒక్కసారి పేర్లు చూడు. నువ్వు చెప్పిన 2007 వ్యాసంలో గొరొస్తియాగ, అలొన్సో-ఆర్బియోల్, హరన్‌బురు ఉంటారు. 2011లో ప్రశ్నావళి అచ్చయినప్పుడు మళ్లీ వాళ్లే, అరిత్‌సెతా తోడయ్యారు. 2013లో గొరొస్తియాగ, అరిత్‌సెతా ఉన్నారు. 2005లో పి విలువ మీద కలిసి రాసిన గోమెస్, హిదాల్గో ఉన్నారే, ఆ ఇద్దరూ పదిహేనేళ్ల తర్వాత కోవిడ్ నివేదికలో మళ్లీ కనబడతారు, పక్కన గొరొస్తియాగ. నీ ప్రశ్నకు సగం జవాబు ఇక్కడే ఉంది. లాక్‌డౌన్ వచ్చినప్పుడు రెక్టర్ హోదాలో ఉన్న మనిషి కొత్తగా టీం వెతుక్కోలేదు. ఎవరికి ఏది చేతనవునో తెలిసిన మనుషులు అప్పటికే ఉన్నారు. మన దగ్గర ప్రొఫెసరు చుట్టూ స్కాలర్లు ఉంటారు, డిగ్రీ రాగానే తలా ఒక దిక్కు పోతారు. పక్క యూనివర్సిటీ ప్రొఫెసరుతో పదిహేనేళ్లు కలిసి రాసినవాణ్ని నేను అతి తక్కువ చూశాను. పరిశోధన ఒక్క మనిషి టేబుల్ మీదే నడుస్తుంటే, ఆ మనిషికి పదవి వచ్చిన రోజునే అది ఆగిపోతుంది. పదవి చెడ్డదై కాదు, ఆ టేబుల్ దగ్గర ఇంకెవరూ లేక.

రెండోది, ఆమె సబ్జెక్టు. ఆమె పని కొలత. ఏ ప్రశ్న అడగాలి, ఎవర్ని అడగాలి, వచ్చిన జవాబును ఎంతవరకు నమ్మొచ్చు అన్నది. ఈ విద్య ఉన్నవాళ్లు పరిపాలనలోకి రావడం నాకు ఎప్పుడూ సంతోషమే. మన కాలేజీల్లో విద్యార్థుల ఫీడ్‌బ్యాక్ ఫారాలు చూశావు కదా. క్లాసులో లెక్చరర్ నిలబడి ఉండగానే నింపిస్తారు, అందరూ 'ఎక్సలెంట్' మీద టిక్కు పెడతారు, దాన్ని బార్ గ్రాఫ్ గీసి ఫైల్లో పెడతారు. ఆ కాగితం నుంచి ఒక్క విషయం కూడా తెలియదు. కొలత తెలిసిన మనిషి ఆ కుర్చీలో ఉంటే ముందు ఆ ఫారం మారుతుంది. ఐక్యూఏసీ పని నీకు బొత్తిగా సంబంధం లేనిది అనుకోవద్దు.

ఇప్పుడు నీ థీసిస్ సంగతి, నాకు అసలు చెప్పాలని ఉన్నది ఇదే.

2005 వ్యాసంలో వాళ్లు పి విలువను పారేయమనలేదు. దాన్ని చూసి ఏమనుకుంటున్నాం, అది నిజంగా ఏం చెబుతోంది అన్న తేడా విడమరిచారు. పి విలువ 0.05 కన్నా తక్కువ వస్తే మనవాళ్లు 'నా పరికల్పన నిజమైంది' అని రాసేస్తారు. అది చెప్పేది అంత కాదు. రెండు గుంపుల మధ్య తేడా ఏమీ లేదనుకుంటే, ఇంత తేడా గానీ ఇంతకన్నా ఎక్కువ గానీ కేవలం యాదృచ్ఛికంగా కనబడే అవకాశం ఎంత, అంతవరకే. తేడా పెద్దదా చిన్నదా అన్నది దాంట్లో లేదు. వెయ్యి మందిని తీసుకుంటే దేనికీ కొరగాని తేడా కూడా టేబుల్లో స్టార్ గుర్తు, అంటే పి విలువ తక్కువ వచ్చిందన్న గుర్తు, తెచ్చుకుంటుంది. అందుకే ప్రభావ పరిమాణం (తేడా ఎంత పెద్దది), విశ్వాస అంతరం (ఆ అంచనా ఎంత అటూ ఇటూ కావచ్చు) రెండూ ఇవ్వాలి. అమెరికన్ సైకలాజికల్ అసోసియేషన్ టాస్క్‌ఫోర్స్ 1999లోనే ఇది చెప్పింది. 2016లో అమెరికన్ స్టాటిస్టికల్ అసోసియేషన్ ప్రత్యేకంగా ఒక ప్రకటనే ఇచ్చింది. నేను వైవాలకు వెళ్లిన థీసిసుల్లో టేబుల్ తర్వాత టేబుల్, స్టార్లే స్టార్లు. "ఈ తేడా వల్ల ఆ పిల్ల జీవితంలో ఏం మారుతుందమ్మా?" అని అడిగితే జవాబు ఉండదు. నీ థీసిస్ అట్లా ఉండకూడదు.

ఇంకొకటి. 2013 అధ్యయనంలో వాళ్లు పిల్లల్ని విడివిడిగా మాత్రమే చూడలేదు, తరగతిని కూడా ఒక స్థాయిగా తీసుకున్నారు. నీ పనికి ఇది ప్రాణం. ఒకే డార్మిటరీలో పడుకుని, ఒకే వార్డెన్ కింద పెరిగే నలభైమంది పిల్లలు ఒకరి దిగులు ఒకరికి అంటించుకుంటారు, ఒకరి ధైర్యం ఒకరికి ఇచ్చుకుంటారు. వాళ్ల జవాబులు ఒకదానితో ఒకటి సంబంధం లేనివి కావు. లెక్క వేసి చూపిస్తాను. క్లాసుకు 40 మంది, పది క్లాసులు, 400 మంది పిల్లలు అనుకో. ఒకే క్లాసు పిల్లల జవాబుల మధ్య పోలిక, అంటే ఇంట్రాక్లాస్ కోరిలేషన్, 0.05 మాత్రమే అనుకో. చాలా చిన్నది కదా. అయినా డిజైన్ ఎఫెక్ట్, అంటే ఆ పోలిక వల్ల శాంపిల్ ఎన్ని రెట్లు పలచబడుతుందో చెప్పే అంకె, 1 + (39 × 0.05), అంటే 2.95 అవుతుంది. 400ని 2.95తో భాగించు. నీ చేతిలో ఉన్నది సుమారు 136 మంది ఇచ్చేంత సమాచారమే. ఇది చూడకుండా రెండు సగటుల్ని పోల్చే మామూలు టీ-టెస్ట్ వేస్తే లేని తేడాలు ఉన్నట్టు కనబడతాయి. పిల్లనూ తరగతినీ రెండు స్థాయిలుగా లెక్కించే మల్టీలెవెల్ మోడల్ నేర్చుకో. ఆర్ సాఫ్ట్‌వేర్ ఉచితమే, దాంతో అయిపోతుంది. అందుకు పది కన్నా ఎక్కువ క్లాసులు కావాలి, కాబట్టి ఒక్కో బడిలో పిల్లల్ని తగ్గించి బడుల సంఖ్య పెంచుకో.

పదవి తీసుకోవడమా మానడమా అన్నది నువ్వే తేల్చుకోవాలి. తీసుకుంటే మాత్రం నోటిమాట మీద తీసుకోవద్దు. వారంలో ఇన్ని పీరియడ్లు తగ్గిస్తారు, ఫలానా రోజు ఫీల్డుకు పోవచ్చు అని ఆర్డర్‌లో రాయించుకో.


జవాబు: ప్రొద్దుటూరు నుంచి బిల్బావో

మేడమ్, మాది ప్రొద్దుటూరు. ఇంజనీరింగ్ తర్వాత మాస్టర్స్ ఆ బాస్క్ కంట్రీ యూనివర్సిటీలోనే, బిల్బావో ఊళ్లో చేశాను. సైకాలజీ నాకు తెలీదు, కానీ ఊరు, యూనివర్సిటీ తెలుసు కాబట్టి రాస్తున్నా.

మొదట ఒక విషయం. అక్కడి రెక్టర్‌నూ మన వీసీనీ ఒకే గాటన కట్టొద్దు. మన రాష్ట్ర యూనివర్సిటీల్లో సెర్చ్ కమిటీ పేర్లు ఇస్తుంది, పైనుంచి నియామకం జరుగుతుంది. అక్కడ ఎలక్షన్. ప్రొఫెసర్లు, మిగతా టీచింగ్ స్టాఫ్, ఆఫీసు ఉద్యోగులు, విద్యార్థులు అందరూ ఓటేస్తారు. అందరి ఓటుకూ ఒకే బరువు ఉండదు, శాశ్వత ప్రొఫెసర్లది ఎక్కువ. కానీ విద్యార్థికి కూడా ఓటుంది. నాకు బలే ఆశ్చర్యమేసింది. క్యాంటీన్‌లో రెక్టర్ అభ్యర్థుల ప్రోగ్రాం గురించి పిల్లలు వాదించుకుంటుంటే విన్నాను. 2020 చివర్లో బల్యుయెర్కా రెండోసారి నిలబడ్డారు, ఎవా ఫెరీరా గెలిచారు. 2021 జనవరిలో కుర్చీ చేతులు మారింది. ఓడిపోతే అక్కడ పరువు పోయినట్టేం కాదు, రెక్టర్ పని అయిపోతే ప్రొఫెసరుగా డిపార్ట్‌మెంట్ ఎప్పుడూ ఉంటుంది.

ఆ యూనివర్సిటీ మూడు చోట్ల ఉంటుంది: బిస్కాయ, గిపుస్కోవా, అరాబా. ఒక్కో జిల్లాకు ఒక క్యాంపస్ అనుకోండి. ఆమె చెప్పే సైకాలజీ ఫ్యాకల్టీ సముద్రం ఒడ్డునున్న దొనోస్తియాలో, మాది బిల్బావోలో. 1968లో బిల్బావో యూనివర్సిటీగా మొదలై 1980లో బాస్క్ కంట్రీ యూనివర్సిటీ అయింది.

భాష విషయంలో వాళ్ల పట్టుదల చూసి నేను చాలా నేర్చుకున్నా. బాస్క్ మాట్లాడేవాళ్లు మొత్తం పది లక్షల్లోపే. ప్రపంచంలో ఏ భాషతోనూ చుట్టరికం లేని భాష. స్పెయిన్ నియంత ఫ్రాంకో కాలంలో బళ్లో, ఆఫీసులో నోరెత్తనివ్వలేదు. అందరూ రాసే ఒక ఉమ్మడి రూపం పద్ధతిగా కుదరడం మొదలైందే 1968 నుంచి. అట్లాంటి భాషలో ఇవాళ యూనివర్సిటీ పాఠాలు చెప్తారు, పీహెచ్‌డీలు రాస్తారు, మీరన్నట్టు మనసును కొలిచే ప్రశ్నావళి కూడా పరీక్షించి తయారుచేసుకున్నారు. 2011 జనాభా లెక్కల ప్రకారమే తెలుగు మాతృభాషగా ఉన్నవాళ్లు 8 కోట్ల పైచిలుకు. మనం చేసుకోలేమా?

ఇక మీ ప్రశ్నకు నాకు తోచింది. మేష్టారు టీం గురించి చెప్పింది నూటికి నూరుపాళ్లు నిజం. దాంతోపాటు ఇంకోటి ఉంది. రెక్టర్ కింద వైస్ రెక్టర్లు ఉంటారు, పరిశోధనకు ఒకరు, విద్యార్థుల వ్యవహారాలకు ఒకరు అట్లా. డబ్బు లెక్కలు చూడ్డానికి వేరే మనిషి. మీకు ఐక్యూఏసీలో ఎవరిస్తారు మేడమ్? ఒక కంప్యూటర్ ఆపరేటర్ను, అదీ వేరే సెక్షన్‌తో పంచుకుని. ఆమె చేశారు కాబట్టి నేనూ చేయగలను అనుకునే ముందు ఇది లెక్కలోకి తీసుకోండి.


జవాబు: కడప స్కూల్ కౌన్సెలర్

అక్కా, నేను సూటిగా చెప్తా. తీసుకోవద్దు. ముందు పీహెచ్‌డీ సబ్మిట్ చెయ్యి.

పైనవాళ్లిద్దరూ బాగా చెప్పారు, కానీ అసలు తేడా ఎవరూ అనలేదు. ఆమె పూర్తి ప్రొఫెసర్ అయ్యాక రెక్టర్ అయ్యారు. నేను చదివినంతవరకు అప్పటి స్పెయిన్ చట్టం ప్రకారం రెక్టర్ కావాలంటే పూర్తి ప్రొఫెసర్ హోదా తప్పనిసరి. మన దగ్గర కూడా 2018 యూజీసీ నిబంధనలు వీసీకి ప్రొఫెసరుగా పదేళ్ల అనుభవం గానీ, పేరున్న పరిశోధన లేదా విద్యా పరిపాలన సంస్థలో పదేళ్ల అనుభవం గానీ అడిగాయి. అంటే పరిశోధనలో కాలు నిలదొక్కుకున్నాకే పెద్ద పదవి అని రెండు దేశాల రూలూ చెబుతోంది. నువ్వింకా డేటా కూడా పూర్తిగా తేలేదు. మా స్నేహితురాలు ఒకామె ఇట్లాగే ఒక కాలేజీలో బాధ్యత ఒప్పుకుంది. ఆమె ప్రశ్నావళుల కట్టలు ఇంకా బీరువాలోనే ఉన్నాయి. ఆ పిల్లలకు ఇప్పుడు పెళ్లిళ్లు కూడా అయ్యాయి.

ఇంకో మాట, ఫీల్డు గురించి. నేను ఇట్లాంటి హాస్టళ్లకు ఉద్యోగరీత్యా పోతుంటా. నువ్వు కాగితాలు పంచేటప్పుడు జరిగేది ముందే చెప్తా విను. పిల్లల్ని వరండాలో చాప మీద వరసగా కూర్చోబెడతారు. మోకాలికి మోకాలు తగులుతుంటుంది. మొదటి పిల్ల 3 మీద సున్నా చుడితే పక్క పిల్ల తొంగిచూసి 3 చుడుతుంది, ఆ వరసంతా 3. గుమ్మంలో వార్డెన్ నిలబడి ఉంటుంది. 'నా బాధను నేను దాచుకుంటాను' లాంటి ప్రశ్న వచ్చినప్పుడు పెన్ను ఆగుతుంది, తల ఎత్తి వార్డెన్ వైపు చూస్తుంది, తర్వాత రాస్తుంది. ఆ చూపు నీ డేటాలో ఎక్కడా కనబడదు. మేష్టారు చెప్పిన ఇంట్రాక్లాస్ కోరిలేషన్ 0.05 కాదు, ఇంకా ఎక్కువే వస్తుంది, సగం అది స్నేహం వల్ల కాదు, ఆ చాప వల్ల.

అందుకని తరగతి గదిలో బెంచీకి ఒకరిని కూర్చోబెట్టు. వార్డెన్‌కు టీ తాగొచ్చే టైం చూసుకో, మర్యాదగా అడిగితే కాదనరు. కాగితం మీద పేరు రాయొద్దని చెప్పి, ఒక పెట్టెలో వాళ్లనే వేయమను. 'కాదు, లేదు' అని వ్యతిరేకంగా ఉండే ప్రశ్నలు ఉంటే వాటి దగ్గర పిల్లలు తికమకపడతారు. 'నా భావాలు నాకు అర్థం కావు' అన్నదానికి 'అస్సలు ఒప్పుకోను' అంటే ఏమన్నట్టు అని పెద్దవాళ్లకే అనుమానమొస్తుంది. ముందు పదిమందితో ఒక్కొక్కరినీ కూర్చోబెట్టుకుని, చదివి ఏమనుకున్నావో చెప్పమ్మా అని అడుగు.

సుగ్గి నుంచి తిరిగొచ్చిన తల్లుల్ని కూడా అడగాలనుకుంటే వాళ్లకు ఒకటి నుంచి ఐదు అనే స్కేలు చదివి వినిపిస్తే 'ఔ' అనో 'లేదు' అనో అంటారు, మధ్యలో ఏమీ రాదు. మాకు తెలిసిన ఒక ఫీల్డ్ అమ్మాయి వేరుశనగ విత్తనాలు వాడేది. ఐదు గింజలు ఆ తల్లి అరచేతిలో పెట్టి, 'ఎంత దిగులుగా ఉంటే అన్ని గింజలు నా చేతిలో పెట్టమ్మా' అనేది. మొదట ఎండకో వానకో సంబంధించి అడిగి అలవాటు చేసేది, తర్వాత అసలు ప్రశ్న. ఆ తల్లులు ఎంచి ఎంచి పెట్టేవాళ్లు. రెండు పెట్టి, కాస్త ఆలోచించి, ఇంకోటి కలిపేవాళ్లు.


జవాబు: అనంతపురం మేష్టారు (రిటైర్డ్)

కౌన్సెలరమ్మ చెప్పిన చాప సంగతి నా లెక్క కన్నా విలువైనది. కొలతలో తప్పు చాలాసార్లు ఫార్ములాలో ఉండదు, కూర్చోబెట్టిన తీరులో ఉంటుంది. గింజల పద్ధతి వాడితే థీసిస్‌లో వివరంగా రాయి, మామూలుగా అడిగినప్పుడూ గింజలతో అడిగినప్పుడూ జవాబులు ఎట్లా వచ్చాయో కొద్దిమంది మీద పోల్చి చూపించు. అదొక్కటే ఒక పేపర్ అవుతుంది.

సబ్మిట్ చేశాకే పదవి అన్న మాటతో నేనూ ఏకీభవిస్తున్నాను. నేను ఆర్డర్ రాయించుకోమన్నాను గానీ, ఈ దశలో అసలు వద్దనడమే మేలు.

అనువాదం విషయంలో ప్రొద్దుటూరు అబ్బాయి అడిగిన 'చేసుకోలేమా' అన్నదానికి: చేసుకోగలం, దారి ఉంది. ఇంటర్నేషనల్ టెస్ట్ కమిషన్ ఇందుకు మార్గదర్శకాలు ఇచ్చింది, రెండో కూర్పు 2017లో వచ్చింది. ముందు ప్రశ్నావళి హక్కుదారుల అనుమతి. ఇద్దరు విడివిడిగా తెలుగు చేయాలి. వాళ్లలో ఒకరైనా సైకాలజీ తెలిసినవాళ్లు, ఇద్దరూ మన జిల్లాల పిల్లల మాట తెలిసినవాళ్లు అయి ఉండాలి. ఆ రెండూ కలిపి ఒకటి చేశాక, మూలం చూడని మనిషి చేత తిరిగి ఇంగ్లీషు చేయించి పోల్చాలి. చాలామంది ఇక్కడితో ఆపేసి 'అనువదించి ప్రామాణీకరించాం' అని రాసుకుంటారు. ఇది సగం పని. మన పిల్లల జవాబుల్లో ఆ మూడు సంగతులు, ధ్యాస, స్పష్టత, బాగుచేసుకోవడం, నిజంగా మూడుగానే విడిపోతున్నాయా అన్నది ఫ్యాక్టర్ ఎనాలిసిస్‌తో, అంటే ఏ ప్రశ్నల జవాబులు కలిసి నడుస్తున్నాయో తేల్చే లెక్కతో, చూడాలి. సుగ్గికి పోయే ఇళ్ల పిల్లల్నీ పోని ఇళ్ల పిల్లల్నీ పోల్చాలంటే, ప్రశ్నలు రెండు గుంపుల్లోనూ ఒకే తీరుగా పనిచేస్తున్నాయని ముందు తేలాలి. అది తేలకుండా సగటులు పక్కపక్కన పెడితే ఏం పోలుస్తున్నామో మనకే తెలియదు.

ఇంకో హెచ్చరిక. ధ్యాస ఎక్కువుంటే మంచిదే అనుకుని పరికల్పన రాయొద్దు. ఆ 2013 అధ్యయనంలో భావాల మీద ధ్యాస ఎక్కువున్న పిల్లల్లో దిగులు ఎక్కువగానే కనబడింది. స్పష్టత, బాగుచేసుకునే శక్తి ఎక్కువున్నవాళ్లలో తక్కువ. మన హాస్టల్ పిల్లల్లో ఎట్లా ఉంటుందో నీ డేటానే చెప్పాలి. ఇది ఎవరికైనా ఉపయోగపడుతుందంటే ఇక్కడే. పిల్లల్ని కూర్చోబెట్టి 'నీ బాధ గురించి ఆలోచించు' అని చెప్పే కౌన్సెలింగ్ సరిపోతుందా, దాన్ని దాటి ఏం చేయాలో కూడా నేర్పాలా అన్నది తేలుతుంది.


జవాబు: కర్నూలు లెక్చరర్

మేష్టారూ, ప్రొద్దుటూరు తమ్ముడూ, కడప చెల్లీ, ముగ్గురికీ చాలా థ్యాంక్స్.

ప్రిన్సిపాల్ గారితో మాట్లాడాను. కోఆర్డినేటర్ పదవి ఇప్పుడు వద్దని, సబ్మిట్ చేశాక ఇస్తే మనస్ఫూర్తిగా చేస్తానని చెప్పాను. న్యాక్ పనిలో పరిశోధన, ఎక్స్‌టెన్షన్ భాగం మాత్రం నేను చూసుకుంటానన్నాను. దాంతోపాటు విద్యార్థుల ఫీడ్‌బ్యాక్ ఫారం నాకు వదిలేయమన్నాను. లెక్చరర్ లేకుండా, పేరు లేకుండా, లైబ్రరీలో నింపించేట్టు. ఆయన కాసేపు ఆలోచించి 'మార్కులు తగ్గుతాయేమో' అన్నారు. తగ్గితే తగ్గనీయండి సార్, ఎక్కడ బాగుచేయాలో అన్నా తెలుస్తుంది అన్నాను. ఒప్పుకున్నారు. మా అత్తమ్మకు ఇంకా కోపం పోలేదు, పోతుందిలే.

టీం విషయం ఆలోచిస్తూనే ఉన్నాను. చెల్లీ, కడప వైపు హాస్టళ్లలో నువ్వు, కర్నూలు వైపు నేను ఒకే ప్రశ్నావళి వాడితే ఎట్లా ఉంటుంది? ఇద్దరి పేరు మీదా రాద్దాం. థీసిస్ వరకు నాది నాకే ఉంటుంది, ఆ తర్వాతది కలిపి. మేష్టారూ, మీరు మూడో మనిషిగా ఉంటారా? అనుమతి మెయిల్ డ్రాఫ్ట్ చేశాను, సాలవే గారి బృందానికి ఒకటి, మూల ప్రశ్నావళిని 23 ప్రశ్నలకు ఎట్లా తగ్గించారో అడుగుతూ బాస్క్ బృందానికి ఒకటి. పంపే ముందు మీకు చూపిస్తాను.


జవాబు: కడప స్కూల్ కౌన్సెలర్

నేను రెడీ అక్కా. మా వైపు రాయచోటి, లక్కిరెడ్డిపల్లె దగ్గర పిల్లల నాన్నలు గల్ఫ్‌కు పోతారు, కొందరి అమ్మలు కూడా. సుగ్గి లాంటిదే కానీ ఏళ్ల తరబడి రారు. రెండు రకాల దూరం పోల్చొచ్చు. ముందు ఆ పదిమందితో కూర్చుని మాట్లాడే పని నేను మొదలుపెడతా, నువ్వు తెలుగు రూపం పంపించు.


జవాబు: అనంతపురం మేష్టారు (రిటైర్డ్)

ఉంటాను. తిరిగి ఇంగ్లీషు చేసే మనిషిని నేను చూస్తాను, మూలం చదవని ఇంగ్లీషు లెక్చరర్ ఒకరు ఇక్కడే ఉన్నారు. ఇద్దరూ ఒకసారి అనంతపురం రండి, లాప్‌టాప్ తెచ్చుకోండి. రాయచోటి పిల్లల్ని కూడా కలిపితే శాంపిల్ లెక్క మళ్లీ మొదటి నుంచి వేయాలి. ఎన్ని బడులు, బడికి ఎంతమంది అన్నది తేలేదాకా ఎవరికీ కాగితం పంచొద్దు.